పై ఊరి మత్తడి, కింది ఊరి చెరువు



వాన గురించి మాట్లాడుకోని ఇల్లు మన వైపు ఉండదు. కాని ఈ మధ్య ఆ మాటల తీరు మారింది. వెనుకటి రోజుల్లో పెద్దలు ఏడాదిని రెండు మాటల్లో తేల్చేవారు: "ఈయేడు కాలమైంది", లేదా "కాలం కాలేదు". ఇప్పుడు ఒకే యేడు ఆ రెండూ జరుగుతున్నాయి. జూన్, జులై నెలలు మొగులు వైపు చూస్తూ గడుస్తాయి. ఆగస్టులో ఒక్క రాత్రి పడ్డ వానకు చెరువు కట్టలు తెగుతాయి. వడ్లు కల్లంలో ఆరబోసిన వేళ అక్టోబరులో తుఫాను వచ్చి వాటిని మొలకెత్తిస్తుంది.

వాతావరణ మార్పు అని పెద్ద సభల్లో అంటున్నది మనం అనుభవిస్తున్న దీని గురించే. మనవంటి దేశాలు దీనిని తట్టుకోవాలంటే ఇరుగు పొరుగు ప్రాంతాలు కలిసి పనిచేయాలని కూడా ఆ సభలు చెబుతున్నాయి. వినడానికి మంచి మాటే. అయితే ఎవరు ఎవరితో కలవాలి? ఏ పనిలో కలవాలి? కలిస్తే మన ఇంటికీ మన మడికీ ఒరిగేది ఏమిటి? ఈ నెల ఈ ప్రశ్నలను రాజన్న సిరిసిల్ల జిల్లాలోని ఎల్లంతకుంట నుండి చూద్దాం.

మూడు పాత మాటలు

ఎల్లంతకుంట పేరులోనే కుంట ఉంది. తెలంగాణలో ఊరి పేరు చివర కుంట, చెరువు, సముద్రం వచ్చినచోట మనుషులు నీటిని చూసుకునే ఇల్లు కట్టుకున్నారని అనుకోవచ్చు. కాకతీయుల కాలం నుండి ఈ నేల మీద చెరువులు గొలుసుకట్టుగా ఏర్పడ్డాయి. పై ఊరి చెరువు నిండితే మత్తడి దుంకిన నీరు ఒర్రె పట్టుకొని కింది ఊరి చెరువులో చేరుతుంది. అది నిండితే మరో ఊరికి పోతుంది.

ఈ ఏర్పాటు నిలబడింది రాతికట్టు బలం వల్ల మాత్రమే కాదు. దాని వెనుక మూడు సంగతులు ఉన్నాయి. మొదటిది కొలత. మత్తడి ఎత్తు ఇంత అని అందరికీ తెలుసు. పై ఊరివారు దానిమీద ఒక జానెడు రాయి పేర్చినా కింది ఊరి చెరువు ఎండుతుంది; అందుకే పొద్దు గుంకకముందే పంచాయితీ అయ్యేది. రెండవది కావలి. తూము ఎప్పుడు తీయాలో, ఎవరి మడికి ఎంతసేపు పారించాలో చూడడానికి నీరటి ఉండేవాడు. ఊరు అతనికి ధాన్యం కొలిచేది. మూడవది కబురు. పైన కట్ట బలహీనంగా ఉందంటే, రాత్రయినా సరే, కింది ఊరికి మనిషి పరుగెత్తేవాడు.

కొలత, కావలి, కబురు. ఈ మూడూ ఉంటే రెండు ఊళ్ళ నడుమ పొత్తు నిలుస్తుంది. ఒక్కటి లోపించినా తగువు మొదలవుతుంది. రెండు ఊళ్ళకు చెల్లిన ఈ న్యాయమే రెండు రాష్ట్రాలకూ, రెండు దేశాలకూ చెల్లుతుంది.

మన పై ఊరు ఇప్పుడు ఎక్కడ ఉంది?

ఒకప్పుడు ఎల్లంతకుంట వారికి పై ఊరు అంటే నడిచి వెళ్ళగలిగినంత దూరంలో ఉండేది. ఇప్పుడు లెక్క మారింది. గోదావరి మీద నిజామాబాదు వైపు శ్రీరాంసాగర్ ఉంది. పెద్దలు పోచంపాడు అనేది దీనినే. 1963 జులై 26న పండిట్ నెహ్రూ దీనికి శంకుస్థాపన చేశారు. దాని కాకతీయ కాలువ జగిత్యాల వైపుగా కరీంనగర్ దగ్గరి దిగువ మానేరుకు వస్తుంది. వరద కాలువ దాదాపు 122 కిలోమీటర్లు సాగి మాన్వాడ దగ్గరి మధ్య మానేరులో పడుతుంది. ఎల్లంపల్లి నుండి ఎత్తిపోసిన గోదావరి నీరు కూడా ఆ వరద కాలువ మీదుగానే మధ్య మానేరు చేరుతుంది.

మధ్య మానేరు నుండి నీటిని ఎల్లంతకుంట మండలంలోని తిప్పాపూర్ దగ్గరకు తెస్తారు. అక్కడ భూమి లోపల ఒక్కొక్కటి 106 మెగావాట్ల శక్తిగల నాలుగు మోటార్లు ఉన్నాయి. అవి ఆ నీటిని అనంతగిరి దగ్గరి అన్నపూర్ణ జలాశయంలోకి ఎత్తిపోస్తాయి. 2020లో మొదటిసారి నీరు చేరిన ఈ జలాశయంలో 3.5 టి.ఎం.సి.లు పడతాయి. అక్కడినుండి నీరు సిద్దిపేట వైపు రంగనాయకసాగర్‌కు పోతుంది. అంటే ఎల్లంతకుంట ఇప్పుడు ఒకరి చేతిలోనుండి నీరు అందుకొని మరొకరి చేతికి అందించే ఊరు. గొలుసులో నడిమి కడియం.

శ్రీరాంసాగర్‌కు నీరు వచ్చేది మాత్రం మహారాష్ట్ర నుండి. కనుక ఎల్లంతకుంటకూ, జగిత్యాలకూ, కోరుట్లకూ, సిరిసిల్లకూ ఈ రోజు పై ఊరు నాందేడు. ఆ పైన పైఠాన్. అక్కడ వాన తప్పితే ఇక్కడ యాసంగి తప్పుతుంది.

బాబ్లీ తగువు, బాబ్లీ తీర్పు

ఈ పై ఊరితో మనకు వచ్చిన పెద్ద తగువు బాబ్లీ. నాందేడు జిల్లాలో, తెలంగాణ సరిహద్దుకు ఏడు కిలోమీటర్ల ఎగువన, మహారాష్ట్ర 14 గేట్లతో బ్యారేజీ కట్టింది. అది శ్రీరాంసాగర్ నీరు వెనుకకు పరచుకునే ప్రాంతంలోనే ఉంది. ఇక పోచంపాడు ఎండినట్టేనని మన రైతులు భయపడ్డారు. దాహం తీర్చుకోవడానికి కట్టుకున్నామని వారు అన్నారు. 2006లో ఆంధ్రప్రదేశ్ సుప్రీంకోర్టుకు వెళ్ళింది. 2010 జులైలో అప్పటి ప్రతిపక్ష నాయకుడు చంద్రబాబునాయుడు తన పార్టీ ఎమ్మెల్యేలతో బాబ్లీ చూడడానికి వెళ్ళగా ధర్మాబాద్ దగ్గర వారిని అరెస్టు చేశారు. రెండు వైపులా కోపాలు పెరిగాయి.

2013 ఫిబ్రవరి 28న సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. కోర్టు బ్యారేజీని కూల్చమనలేదు. ఇష్టం వచ్చినట్టు వాడుకోమని కూడా అనలేదు. జులై 1 నుండి అక్టోబరు 28 వరకు బాబ్లీ గేట్లు ఎత్తి ఉంచాలి. వానకాలపు వరద ఆగకుండా కిందికి రావాలి. మిగిలిన నెలల్లో మహారాష్ట్ర వాడుకోగలిగింది 2.74 టి.ఎం.సి.లు మాత్రమే. శ్రీరాంసాగర్ వాటాగా 0.6 టి.ఎం.సి.లను మార్చి 1న కిందికి వదలాలి. ఇదంతా చూడడానికి ముగ్గురు సభ్యుల కమిటీ: కేంద్ర జల సంఘం నుండి ఒకరు, రెండు రాష్ట్రాల నుండి ఒక్కొక్కరు.

చదువరులారా, ఈ తీర్పులో పాత చెరువు న్యాయం కనబడడం లేదా? 2.74 అన్నది మత్తడి ఎత్తు వంటి కొలత. ముగ్గురి కమిటీ నీరటి వంటి కావలి. జులై 1, అక్టోబరు 28, మార్చి 1 అన్న తేదీలు అందరికీ ముందే తెలిసిన కబురు. 2014లో తెలంగాణ ఏర్పడ్డాక ఆంధ్రప్రదేశ్ స్థానంలోకి తెలంగాణ వచ్చింది. ఏటా జులై 1న అధికారుల ఎదుట గేట్లు ఎత్తుతున్నారు. తగువు పూర్తిగా చల్లారిందని చెప్పలేము. కాని అరెస్టుల వరకు వెళ్ళిన సంగతి ఒక తేదీ మీద నిలబడింది.

దీనికి ముందు కూడా ఒప్పందాలు లేకపోలేదు. 1975 అక్టోబరు 6న మహారాష్ట్ర, ఆంధ్రప్రదేశ్ ఒప్పుకున్న ప్రకారం పైఠాన్‌కు దిగువన, పోచంపాడుకు ఎగువన కొత్త పథకాలకు మహారాష్ట్ర 60 టి.ఎం.సి.లు వాడుకోవచ్చు. 1980లో బచావత్ ట్రిబ్యునల్ తుది తీర్పులో ఇటువంటి ఒప్పందాలు చేరాయి. 2016 ఆగస్టు 23న ముంబయిలో తెలంగాణ, మహారాష్ట్ర ముఖ్యమంత్రులు మేడిగడ్డ, తుమ్మిడిహట్టి బ్యారేజీల ఎత్తుల మీద సంతకాలు చేశారు.

వారూ మనవంటి వారే

"మన నీళ్ళు మనకే" అనడం తేలిక. ఆ మాటకు చప్పట్లు కూడా పడతాయి. అయితే ఎగువన ఉన్నవారి కడవ కూడా ఒకసారి చూడాలి. 2016 ఏప్రిల్‌లో మహారాష్ట్రలోని లాతూరు పట్టణానికి రైలు ట్యాంకుల్లో తాగునీరు పంపవలసి వచ్చింది. లాతూరు మాంజీరా నది పరీవాహకంలో ఉంది. ఆ మాంజీరానే కందకుర్తి దగ్గర గోదావరిలో కలిసి శ్రీరాంసాగర్‌కు వస్తుంది. అక్కడ కడవలు వరుసకట్టిన ఆ వేసవిలోనే ఇక్కడ మన బోర్లు ఎండిపోయాయి. ఒకే కరువు రెండు భాషల్లో ఏడ్చింది.

పైగా మరాఠీ నేల మనకు పరాయిది కాదు. వాన తప్పిన ఏళ్ళలో సిరిసిల్ల నేత కుటుంబాలు మగ్గాల పని వెదుక్కుంటూ వెళ్ళింది భీవండికీ, షోలాపూర్‌కూ. కోరుట్ల, జగిత్యాల వైపు మనుషులు ముంబయి మీదుగానే గల్ఫ్ దేశాలకు వెళ్ళారు. మన బిడ్డలకు అన్నం పెట్టిన ఊళ్ళకు తాగునీరు వద్దని ఎట్లా అనగలం?

కబురు ప్రాణం కాపాడుతుంది

కరువులో కొలత ఎంత ముఖ్యమో, వరదలో కబురు అంత ముఖ్యం. 2025 ఆగస్టు చివర కామారెడ్డి వైపు కుండపోతగా వాన కురిసింది. ఆ నీరు పాల్వంచ వాగు, కూడవెల్లి వాగు మీదుగా నర్మాల దగ్గరి ఎగువ మానేరుకు చేరింది. అక్కడ నీటి నడుమ చిక్కిన రైతులను వైమానిక దళం హెలికాప్టర్లతో బయటకు తేవలసి వచ్చింది. వాన ఒక జిల్లాలో పడింది. ప్రాణభయం మరో జిల్లాలో కలిగింది. ఆ నడుమ ఉన్న కొన్ని గంటలే మనకు దేవుడిచ్చిన వ్యవధి. ఆ వ్యవధిలో కబురు చేరితే మనుషులూ పశువులూ గట్టున ఉంటారు.

గోదావరి దిగువన భద్రాచలంలో ఈ పద్ధతి పాతదే. నీరు 43 అడుగులకు వస్తే మొదటి హెచ్చరిక, 48కి రెండవది, 53కి మూడవది. 1986 ఆగస్టులో నది 75.6 అడుగులు ఎక్కింది. 2022 జులైలో 71.3 అడుగులు ఎక్కింది. నదిని ఆపడం ఎవరి తరమూ కాదు. కాని ఏ అడుగుకు ఏ వీధి ఖాళీ చేయాలో ముందే తెలిసి ఉండడం మన చేతిలో ఉంది.

దేశాల నడుమ కబురు పని ఎట్లా జరుగుతుందో చూడాలంటే తుఫానుల చరిత్ర చూడాలి. 1977 నవంబరు 19న దివిసీమను ఉప్పెన ముంచింది. సుమారు 10 వేల మంది పోయారు. అప్పటికే, 1972లో, బంగాళాఖాతం, అరేబియా సముద్రం చుట్టూ ఉన్న దేశాలు తుఫానుల కోసం ఒక ఉమ్మడి సంఘం పెట్టుకున్నాయి. అయినా ఆ రోజుల్లో కబురు సముద్రపు ఒడ్డున ఉన్న గుడిసె దాకా చేరే దారి లేదు. తరువాత ఉపగ్రహాలు వచ్చాయి, రాడార్లు వచ్చాయి. ఢిల్లీలోని వాతావరణ కేంద్రం తన లెక్కను పొరుగు దేశాలకు కూడా పంపుతుంది. 2004 నుండి ఆ దేశాలే వంతుల వారీగా తుఫానులకు పేర్లు పెడుతున్నాయి. 2014 అక్టోబరు 12న విశాఖను విరిచిన హుద్‌హుద్‌కు పేరు పెట్టింది ఒమన్. ఆస్తి నష్టం చెప్పలేనంత. కాని లక్షల మందిని ముందే తరలించారు గనుక మరణాలు వేలకు పోలేదు, పదుల్లో ఆగాయి.

తుఫాను కోస్తావారి కష్టమని మనం అనుకోవడానికి వీలులేదు. థాయిలాండ్ పేరు పెట్టిన మొంథా 2025 అక్టోబరు 28 రాత్రి కోస్తా తీరం దాటింది. మరునాడు వరంగల్, హుస్నాబాద్ వైపు కుంభవృష్టి కురిసి, కోతకు వచ్చిన వరినీ, ఏరవలసిన పత్తినీ ముంచింది. ఎల్లంతకుంటకు హుస్నాబాద్ ఎంత దూరం? సముద్రం మీద దేశాలు పంచుకున్న కబురు మన కల్లం మీది టార్పాలిన్ దాకా రావాలి. అప్పుడే ఆ సహకారం పూర్తి అయినట్టు.

మరో నది మాట కూడా చెప్పుకుందాం. 1995లో కంబోడియా, లావోస్, థాయిలాండ్, వియత్నాం మెకాంగ్ నదికి ఉమ్మడి కమిషన్ పెట్టుకున్నాయి. ఎగువన ఉన్న చైనా అందులో సభ్యురాలు కాదు. అయినా 2002లో వానకాలపు నీటిమట్టాలు తెలపడానికి ఒప్పుకుంది. 2020లో ఏడాది పొడుగునా తెలపడానికి ఒప్పుకుంది. దీనికి ఎదురు సంగతి సింధు నది. 1960 ఒప్పందం యుద్ధాలను దాటి నిలిచింది. కాని 2025 ఏప్రిల్‌లో పహల్గాం దాడి తరువాత భారతదేశం దానిని నిలిపివేసింది. నమ్మకం తెగిన నాడు ఎంత పాత కాగితమైనా ఆగిపోతుంది.

కట్టడం ఒక్కటే చాలదు

కొందరు అనవచ్చు: "పెద్ద ఆనకట్టలు కట్టుకుంటే సరి, ఒకరిని అడిగే పని ఏమిటి?" మన కళ్ళ ముందే జవాబు ఉంది. 2016 సెప్టెంబరులో, ఇంకా పని సాగుతుండగానే, మధ్య మానేరు మట్టికట్ట వరదకు తెగింది. కింది ఊళ్ళను ఖాళీ చేయించారు. 2019 జూన్ 21న ప్రారంభమైన మేడిగడ్డ బ్యారేజీలో 2023 అక్టోబరు 21న పిల్లర్లు కుంగాయి. ఆ తరువాత అక్కడ నీరు నిలపడం ఆగింది. శ్రీరాంసాగర్ కట్టిన నాడు 112 టి.ఎం.సి.లు పట్టేది, పూడిక చేరి ఇప్పుడు 80 టి.ఎం.సి.లకు వచ్చింది. కట్టడాలు అవసరమే. కాని అవి కూడా మనుషులవలె ముసలివవుతాయి, జబ్బు పడతాయి. అప్పుడు మిగిలేది ఒప్పందమే.

ఒప్పందం కూడా కాలంతో నడవాలి. 1975లో, 1980లో రాసుకున్న అంకెలు అప్పటి వానలను చూసి రాసినవి. వానలు జరిగిపోతున్నప్పుడు, ఒకే రోజున నెల వాన పడుతున్నప్పుడు, రెండు రాష్ట్రాలవారూ ఆ అంకెలనూ తేదీలనూ మళ్ళీ కలిసి చూసుకోవాలి. కోర్టు గడపలో కంటే ముందే, శాంతంగా ఉన్న రోజుల్లో కూర్చోవాలి.

ఇక అందరికంటె ముందు గుర్తుంచుకోవలసినవారు ఉన్నారు. అన్నపూర్ణ జలాశయం కింద అనంతగిరి ఊరు పోయింది. మధ్య మానేరు కింద కొదురుపాక, వరదవెల్లి, చింతల్‌ఠాణా, చీర్లవంచ వంటి ఊళ్ళు మునిగాయి. ఆ ఇళ్ళలో పుట్టినవారికి తమ తాతల సమాధులు ఇప్పుడు నీటి అడుగున ఉన్నాయి. పై ఊరూ కింది ఊరూ నీళ్ళు పంచుకుంటే సరిపోదు. నడుమ ఊరిని ఇచ్చినవారి బాకీ కూడా పంచుకోవాలి. పరిహారం, ఇల్లు, పిల్లలకు పని అన్నవి వారికి చేసే దానం కాదు. నీటి ధరలో వారి వాటా.

మన ఇంటి నుండి మొదలు

ఇవన్నీ ముఖ్యమంత్రులు, న్యాయమూర్తులు చూసే పనులు. మనమేమి చేయగలమని అడగవచ్చు. మూడు పనులు చెబుతాను.

ఒకటి, కొలత. 2000 తరువాతి దశాబ్దంలో అనంతపురం, నల్లగొండ, మహబూబ్‌నగర్ మొదలైన ఏడు కరువు జిల్లాల్లో, 600కు పైగా ఊళ్ళలో రైతులే తమ బోర్ల నీటిమట్టాన్నీ, ఊళ్ళో పడిన వాననూ కొలిచి రాసుకున్నారు. ఐక్యరాజ్య సమితి ఆహార సంస్థ ఆ పనికి తోడుగా నిలిచింది. యాసంగికి ముందు అందరూ కూర్చొని, భూమిలో ఇంత నీరుంది, ఇన్ని ఎకరాల వరికి మించి చాలదు అని లెక్క వేసుకున్నారు. ఎవరూ దండన వేయలేదు. అంకె కళ్ళ ముందు ఉంటే చాలామంది తామే ఆరుతడి పంటకు మళ్ళారు. ఒక తాడు, ఒక వానకొలత పాత్ర, ఒక నోటుపుస్తకం. మన ఊళ్ళో ఈ పనిని ఇంటర్ చదివే ఆడపిల్ల కూడా చేయగలదు.

రెండు, కావలి. మన చెరువులోకి నీరు వచ్చే ఒర్రె ఎక్కడ పుడుతుందో, ఎక్కడ పూడిందో, ఎవరు దున్నుకున్నారో తెలుసుకోండి. 2015లో మొదలైన మిషన్ కాకతీయలో చాలా చెరువుల పూడిక తీశారు. ఒర్రె మూసుకుంటే పూడిక తీసిన చెరువు కూడా ఖాళీ గిన్నెగా మిగులుతుంది. వానలకు ముందు పై ఊరివారినీ కింది ఊరివారినీ పిలిచి ఒక్కరోజు ఒర్రె వెంట నడవండి. ఆ నడకతో చాలా తగువులు పుట్టకముందే పోతాయి.

మూడు, కబురు. మానేరు గేట్లు ఎత్తేముందు ఎవరికి ఫోను వస్తుంది? ఆ మనిషి ఊళ్ళో లేకపోతే ఎవరికి వస్తుంది? వాగు అవతల పశువులు కాసేవారికి, చెవులు వినబడని అవ్వకు, ఒంటరిగా ఉండే తల్లికి ఆ కబురు ఎవరు మోసుకుపోతారు? సంఘంలో గాని, మహిళా సంఘంలో గాని, పంచాయతీలో గాని ఈ ప్రశ్నలు అడిగి, జవాబులను పేర్లతో సహా గోడమీద రాయించండి. పక్క ఊరివారి నంబర్లు కూడా రాయించండి.

దేశాలు చేసుకునే పెద్ద ఒప్పందాలు ఈ మూడు పనులకు పెద్ద రూపాలే. పై ఊరిని నమ్మడమూ, కింది ఊరికి నమ్మకంగా ఉండడమూ ఎల్లంతకుంటలో నేర్చుకున్నవారు నాందేడుతో మాట్లాడడానికి జంకరు. వానకాలం రాకముందే మీ ఇంట్లో ఒక సాయంత్రం ఈ మాట ఎత్తండి. మన పై ఊరు ఏది, మన కింది ఊరు ఏది అని పిల్లలను అడగండి. వారికి తెలియకపోతే, ఆదివారం పూట చెరువు కట్టమీదికి తీసుకువెళ్ళి చూపండి.

వచ్చే నెల మరో సంగతితో కలుసుకుందాం.